హికివెతోరి

"ఈ ప్యాంటు వేసుకునే మనిషి వీధిలో అడుగు పెట్టి ఏళ్లయింది," అంది ఆరా మేడమ్.

మంచం మీద పరిచిన నాలుగు ప్యాంట్లనీ ఆమె ఒక్కొక్కటే తిరగేసి చూసింది. మోకాళ్ల దగ్గర బట్ట బాగా పల్చబడింది. కూర్చునే చోట మాసిక మీద మాసిక పడింది. కింది అంచులు మాత్రం కొత్త బట్టలకున్నట్టే ఉన్నాయి. మట్టి మరక లేదు, ఒక్క దారం రేగలేదు. జేబులు వెలికి తీసి చూస్తే చిల్లర కాదు కదా, చిరిగిన బస్సు టిక్కెట్టు ముక్కయినా రాలలేదు. నాలుగింటికీ నడుము దగ్గర రెండు పాత కుట్ల ఆనవాళ్లున్నాయి. ఒకసారి వదులు చేసి, తర్వాత మళ్లీ బిగించారు. అంటే వేసుకునేవాడు ముందు ఒళ్లు చేసి, తర్వాత చిక్కిపోయాడు.

ఆరా మేడమ్‌కి తల్లిదండ్రులు పెట్టిన పేరు వేరే ఉంది. ప్రతి సంగతీ తవ్వి తవ్వి ఆరా తీస్తుందని పోలీస్ స్టేషన్‌లో ఎవరో వెటకారానికి పెట్టిన పేరిది. ఆవిడ నొచ్చుకోకపోగా దాన్నే కార్డు మీద అచ్చు వేయించుకుంది. ప్రైవేటు డిటెక్టివ్‌కి ఇంతకన్నా చవకగా ప్రచారం ఎక్కడ దొరుకుతుంది?

గుమ్మంలో నిలబడ్డ మనిషి చనిపోయినావిడకి తమ్ముడు. ఈ కేసు తెచ్చింది అతనే. వాళ్లక్క పాత బట్టలు సరిచేసి ఇచ్చేది. దుకాణానికొచ్చే వాళ్లందరికీ టైలరక్క. మూడు రోజుల కిందట రాత్రి ఈ భవనం మెట్ల మీదే పడిపోయింది. ఆసుపత్రికి చేరిన గంటకి ప్రాణం పోయింది. ముంజేతి మీద ఎవరో గట్టిగా పట్టుకున్న వేళ్ల గుర్తులున్నాయని డాక్టరు రాశాడు కాబట్టి అది ప్రమాదం కాకుండా పోయింది.

"వీధిలోకి రాకపోతే ఎగిరి వచ్చేవాడా మేడమ్?" అన్నాడు తమ్ముడు. "మా బావ పోయి చాలా కాలమైంది. అక్క ఒక్కతే ఉండేది. మరి ఈ మగబట్టలెవరివి? వాడెవడో నాకు తెలియాలి. మా పరువు తీసి, దాని ప్రాణం తీసినవాడు."

"మీ అక్కకి ఒక కొడుకున్నాడన్నారు."

"ఓడ మీద పని. ఎప్పుడూ ఏదో ఒక రేవులో ఉంటాడు."

"మీరు అతనితో మాట్లాడి ఎన్నాళ్లయింది?"

"ఎనిమిదేళ్లు. మా మీద కోపం వాడికి."

"ఎందుకూ?"

"పాత సంగతులు. ఇప్పుడెందుకు లెండి."

"తల్లి పోయిందని కబురైనా పంపారా?"

"ఏ ఓడో తెలిస్తే కదా. అడిగినప్పుడల్లా అక్క మాట దాటేసేది."

"ఆ రాత్రి మీరెక్కడున్నారు?"

"పని మీద బయట ఉన్నాను. తెల్లారాక కబురు తెలిసి వచ్చాను." అతను మంచం మీది బట్టలకేసి చూసి మొహం తిప్పుకున్నాడు. ఆ చూపులో అసహ్యమెంతో, దుఃఖమెంతో ఆరా మేడమ్ తేల్చుకోలేకపోయింది.

ఆమె మంచం కింద నుంచి ఒక జత మగ చెప్పులు లాగింది. పాతవే, కానీ అడుగులు శుభ్రంగా ఉన్నాయి. బూట్లు ఎక్కడా లేవు. కుట్టుమిషను పక్కన కాగితంలో చుట్టి పారేయడం మరిచిపోయిన జుట్టు ముక్కలున్నాయి. నల్లగా, దట్టంగా, కుర్రవాడి జుట్టు. బట్టల కత్తెరతో కత్తిరించినట్టు కొసలు తిన్నగా తెగి ఉన్నాయి. ఎవడో ప్రియుడు దొంగచాటుగా వచ్చి జుట్టు కత్తిరించుకుని పోతాడా? ఆమె మనసుకి అది ఎక్కలేదు.

"మేడమ్ గారు చాకిరేవు పెట్టారా?" అంటూ ఇన్‌స్పెక్టర్ లోపలికొచ్చాడు.

ఈయనకి కూడా ఆరా మేడమ్ మనసులో ఒక పేరు పెట్టుకుంది. ముక్తాయింపు. ఏ కేసయినా ముగింపు దగ్గర మొదలుపెట్టి వెనక్కి నడుచుకుంటూ వస్తాడు. దారిలో దొరికిన సాక్ష్యాలు ఆ ముగింపుకి ఒదగకపోతే తప్పు సాక్ష్యాలదే.

"శ్రమ పడకండి, కేసు తేలిపోయింది," అన్నాడాయన కుర్చీ లాక్కుంటూ. "ఇది ముఠా పని. ఆవిడ అకౌంట్‌లో చివరగా వెతికిన మాట ఏమిటో తెలుసా? హికివెతోరి. వారానికి నాలుగైదు సార్లు అదే వెతుకుడు. కొత్త రకం మత్తుబిళ్ల పేరని మావాళ్లు తేల్చేశారు."

"తేల్చారా, ఊహించారా?"

"రెంటికీ పెద్ద తేడా లేదు. ఇంకోటి వినండి. ఆసుపత్రికి ఫోన్ చేసి అంబులెన్సు పంపమన్నది విదేశీ నంబరు. ఆడగొంతు. మన భాష ఒక్క ముక్క రాదు, ఈ భవనం అడ్రసు మాత్రం పొల్లుపోకుండా చదివింది. ముఠా కాకపోతే ఏమిటి?"

"చంపిన ముఠాయే అంబులెన్సు పిలిచిందా?"

"ముఠాలో ఒకడు ఆవిడకి కావలసినవాడు. ఆ బట్టలు వాడివే. తోసేశాడు, తర్వాత మనసొప్పలేదు. తల కింద దిండు పెట్టి, దుప్పటి కప్పి మరీ పోయాడు."

తమ్ముడు ఉలిక్కిపడి, "దిండా?" అన్నాడు. ఆ సంగతి అతనికి ఎవరూ చెప్పినట్టు లేదు.

"ఆవిడ ఫోన్ ఎప్పుడు పాడైంది?" అని అడిగింది ఆరా మేడమ్.

"పడ్డప్పుడే. ఆవిడ కింద పడి నలిగిపోయింది. ఎనిమిదీ అయిదుకి ఆగిపోయింది."

"ఆ మాట చివరిసారి వెతికిందెప్పుడు?"

ఇన్‌స్పెక్టర్ ఫోన్ తీసి చూశాడు. మళ్లీ చూశాడు. "ఎనిమిదీ పదిహేడు. అయితే ఏం, గడియారాలు అటూ ఇటూ అవుతుంటాయి."

"ఆవిడ మెట్ల మీద పడి ఉంది, ఫోను ముక్కలైంది. అదే అకౌంటులో ఇంకెవరో ఇంకో దాంట్లో ఆ మాట వెతికారు. వేరే దారి లేదు."

గోడ బల్ల మీద వైఫై పెట్టె పచ్చగా మిణుకుతోంది. పాస్‌వర్డు దాని అడుగునే అంటించి ఉంది. ఆరా మేడమ్ తన ఫోను కలిపి, ఆ పెట్టెకి ఇంకేమేం తగులుకుని ఉన్నాయో చూసింది. ఒక కంప్యూటరు కనబడింది. ఈ ఇంట్లో కంప్యూటరు లేదు.

"ఇప్పుడు, మనం మాట్లాడుకుంటున్న ఈ నిమిషంలో, ఎవరో దీన్ని వాడుతున్నారు," అంది. "ఇంత మందం గోడలు దాటి పక్కింటికి అందదు. కింద దుకాణం మూసుంది. పైన ఏముంది?"

"ఇంటివాళ్ల సామాన్ల గది. ఎవరూ ఉండరని వాచ్‌మన్ చెప్పాడు."

"తలుపుకి తాళం ఉందా?"

ఇన్‌స్పెక్టర్ మొదటి రోజే పైకెళ్లి చూసి వచ్చాడు. బయట తాళం లేదు. లేకపోయినా తలుపు తెరుచుకోలేదు. ఆయన దాన్ని తోసి చూసి, బిగుసుకుపోయిందనుకుని దిగి వచ్చేశాడు. సంగతి తట్టగానే ఆయన మొహం వెలిగిపోయింది.

"దొరికాడు! మూడు రోజుల నుంచి నెత్తి మీదే కూర్చున్నాడు వెధవ! గునపం తెప్పిస్తున్నాను. అరగంటలో తలుపు పగలాలి, వాడు బయటుండాలి."

"ఆ మాటకి అర్థం తెలిసేదాకా ఆగండి."

"అర్థం వాడి చేతే చెప్పిస్తాను," అంటూ ఆయన మెట్లు దిగి వెళ్లిపోయాడు.

ఆరా మేడమ్‌కి చిర్రెత్తుకొచ్చింది. కోపం దిగమింగే లోపలే ఫోను మోగింది. జపాన్, కొరియా సీరియళ్లకి మన భాషలో సబ్‌టైటిళ్లు రాసే అమ్మాయి. ఆరా మేడమ్ ఇంటి పక్కనే ఉంటుంది. స్టేషన్‌లో తన చెవిన పడ్డ ఆ మాటని ఆరా మేడమ్ పొద్దున్నే ఆ పిల్లకి పంపి, సంగతేమిటో చూడమంది.

"ఆంటీ, ఇది ఏ నిఘంటువులోనూ లేదు," అందా అమ్మాయి. "రెండు భాషల మాటలు అతికించి కట్టుకున్నారు. ముందు సగం జపాన్‌ది, హికికొమొరి. గదిలో తలుపేసుకుని నెలలూ ఏళ్లూ బయటికి రాని వాళ్లని అలా అంటారు. రెండో సగం కొరియాది, వెతోరి. నలుగురిలో కలవలేని ఒంటరి మనిషి. ఇలా గదికే పరిమితమైపోయిన పిల్లలకి అక్కడ ఆ మాట వాడతారు."

"రెండూ కలిపి వాడేదెవరు?"

"తల్లులు."

ఆరా మేడమ్ ఫోను స్పీకర్లో పెట్టింది. తమ్ముడు దగ్గరికొచ్చి నిలబడ్డాడు.

"నెట్‌లో ఆ మాట ఒకే ఒక్క చోట ఉంది, ఆంటీ. పిల్లలు తలుపేసుకున్న తల్లులంతా కలిసి పెట్టుకున్న గుంపు. చాలా దేశాల వాళ్లున్నారు. చుట్టాలకి తెలిస్తే నవ్వుతారని, పిల్లలకి తెలిస్తే నొచ్చుకుంటారని, ఎవరికీ తట్టని మాటొకటి కల్పించుకున్నారు. అది తెలిసిన వాళ్లకే ఆ చోటు దొరుకుతుంది. పళ్లెం ఎక్కడ పెట్టాలి, తలుపెలా తట్టాలి, అన్నీ అందులో చెప్పుకుంటారు. వేళ్ల వెనకవైపుతో మెల్లిగా తట్టాలట. పళ్లెంలో ఏముందో చెప్పి, నాలుగడుగులు వెనక్కి రావాలట. అన్నిటికన్నా ముఖ్యం, తలుపు ఎప్పుడూ బయటినుంచి తెరవకూడదు. లోపలి మనిషే తీయాలి. ఎన్నేళ్లయినా సరే."

"ఆ రాత్రి ఏదైనా రాశారా?"

"రాశారు. టైలరక్క అకౌంటు నుంచే, కానీ రాసింది ఆవిడ కాదు. తల్లి ఫోనుకీ కొడుకు కంప్యూటరుకీ ఒకే అకౌంటు అయ్యుంటుంది. ఆవిడ వెతికిన మాట అతనికి ఎప్పటి నుంచో తెలుసన్నమాట. చదువుతాను. 'నేను ఈవిడ కొడుకుని. మా అమ్మ తలుపు బయట మెట్ల మీద పడిపోయింది. మూలుగుతోంది. నాకు తలుపు తీయడం చేతకావట్లేదు. ఎవరైనా రండి.'"

తమ్ముడు మంచం కోడు పట్టుకున్నాడు.

"నిమిషాల్లో జవాబులొచ్చాయి, ఆంటీ. అక్కడ అర్ధరాత్రి కావస్తూ ఉంటుంది, అయినా మేలుకునే ఉన్నారు. కొరియా ఆవిడొకరు 'అడ్రసు పెట్టు నాన్నా, ఆసుపత్రికి నేను ఫోన్ చేస్తాను' అని రాశారు. జపాన్ ఆవిడ 'తల కదపకు, కింద మెత్తటిది ఏదైనా పెట్టు, కప్పు' అన్నారు. ఇంకొకావిడ 'మా వాడు ఇన్నేళ్లయినా తీయలేదు, నువ్వు తియ్యి తండ్రీ, అమ్మ కోసం తియ్యి' అని రాశారు. చివర్లో అతను ఒకే ఒక్క మాట రాశాడు."

"ఏమని?"

"'తీశాను.'"

ఫోన్ పెట్టేశాక ఆరా మేడమ్ కళ్లు తుడుచుకుంది. తుడుచుకున్నకొద్దీ నీళ్లు వచ్చాయి. ఈ వృత్తిలో ఆమె ఎన్నో శవాలు చూసింది, ఎన్నో అబద్ధాలు విన్నది. ఒక దిండుకీ దుప్పటికీ ఇంత ధైర్యం పట్టి ఉంటుందని ఆమెకి ఏనాడూ తోచలేదు.

"ఓడ లేదన్నమాట," అన్నాడు తమ్ముడు. "వాడు ఇక్కడే ఉన్నాడు."

"ఎనిమిదేళ్ల కిందట ఏం జరిగింది?"

"అప్పుడే గదిలో తలుపేసుకోవడం మొదలెట్టాడు మేడమ్. కాలేజీ మానేశాడు. అక్క గారాబం చేసి పాడు చేస్తోందనుకున్నాం. నేనూ మా చిన్నాన్న కొడుకులిద్దరూ తలుపు పగలగొట్టి, వాణ్ణి కింద వీధిలోకి ఈడ్చుకొచ్చాం. వీధి వీధంతా చూసింది. వాడు నేల మీద ముడుచుకుపోయి చెవులు మూసుకుని అరిచాడు. మంచికే చేశాం, ఒట్టు. అలా చేస్తే దారిలో పడతాడనుకున్నాం. వారం తిరక్కుండా అక్క ఇల్లు మార్చేసింది. కొన్నాళ్లకి వాడు ఓడెక్కాడంది."

"ఇప్పుడు ఇన్‌స్పెక్టర్ మళ్లీ అదే పని చేయబోతున్నాడు. ఆ కుర్రాడికి మూడు రోజులుగా పళ్లెం పెట్టిన వాళ్లు లేరు."

వంటింట్లో ఉన్నవి చూసింది. రొట్టె, రెండు అరటిపళ్లు దొరికాయి. పాలు విరిగిపోయి ఉంటే పారబోసి, గ్లాసులో పంచదార నీళ్లు కలిపింది. అన్నీ పళ్లెంలో సర్దుకుని మెట్లెక్కింది. తమ్ముడు వెనకే వచ్చాడు.

పై అంతస్తులో ఒకటే తలుపు. రంగు వెలిసింది గానీ గడప ముందు నేల మాత్రం పళ్లేలు పెట్టీ తీసీ నున్నగా అరిగింది. ఆరా మేడమ్ వేళ్ల వెనకవైపుతో మెల్లిగా తట్టింది.

"రొట్టె ఉంది, రెండు అరటిపళ్లు, పంచదార నీళ్లు," అంది. పళ్లెం కింద పెట్టి నాలుగడుగులు వెనక్కి వచ్చింది.

లోపల ఏదో కదిలింది. చాలాసేపటికి, తలుపుకి బాగా దగ్గరగా, ఎండిపోయిన గొంతు వినబడింది.

"ఆయన్ని పంపేయండి."

"ఎవర్ని నాన్నా?"

"మీ వెనకాల మెట్లెక్కి వచ్చినాయన్ని. చేతికి ఉంగరం ఉంది. మెట్ల కమ్మీ పట్టుకుంటే టక్కుమంటుంది. నేనెవర్నీ చూడను, చప్పుళ్లు వింటాను. ఆ రోజు కూడా అదే చప్పుడు అమ్మ వెనకాల పైకొచ్చింది. అమ్మ 'గట్టిగా మాట్లాడకు, లోపలికి వినపడుతుంది' అంది. తర్వాత పడిపోయింది. ఆ ఉంగరం టకటకా కిందికి పరిగెత్తింది."

ఆరా మేడమ్ వెనక్కి తిరిగింది. తమ్ముడి కుడిచెయ్యి ఇనప కమ్మీ మీద ఉంది. వేలికి లావుపాటి ఉంగరం. అతను పారిపోయే ప్రయత్నం చేయలేదు. గోడకి జారగిలబడ్డాడు.

"తెల్లారాక వచ్చానన్నారు," అంది ఆమె.

"ఎవరో చెప్పారు మేడమ్, మీ అక్క రోజూ పైకి భోజనం మోస్తోంది, ఎవడో మగాడున్నాడని. నా రక్తం ఉడికిపోయింది. ఎవడది, పక్కకి తప్పుకో, తలుపు పగలగొడతానన్నాను. అడ్డం నిలబడింది. చెయ్యి పట్టి లాగాను. విదిలించుకుంది. పట్టు జారిపోయింది." "భయమేసి పారిపోయాను. ఆ మగాడెవడో దొరికితే తప్పంతా వాడి మీదకి పోతుందనుకున్నాను. అందుకే మీ దగ్గరికొచ్చాను. లోపల ఉన్నది మన చిన్నోడని అది ఒక్క మాట చెప్తే... ఎలా చెప్తుంది? చెప్తే నేనేం చేస్తానో దానికి తెలుసు."

కింద బూట్ల చప్పుడు. ఇన్‌స్పెక్టర్, ఆయన వెనక గునపం పట్టుకుని ఇద్దరు కానిస్టేబుళ్లు. లోపల కుర్చీయో పెట్టెయో నేల మీద రాసుకుంటూ తలుపు దగ్గరికి జరిగింది. ఆ కుర్రవాడు తలుపుకి అడ్డం పెడుతున్నాడు. ఊపిరి ఎగబీలుస్తున్న చప్పుడు బయటికి వినిపిస్తోంది.

"జరగండి మేడమ్!" అన్నాడు ఇన్‌స్పెక్టర్.

ఆరా మేడమ్ కదిలే లోపలే తమ్ముడు లేచి మెట్లకి అడ్డంగా నిలబడ్డాడు. గొంతు పెంచకుండా, గుసగుసగా మాట్లాడాడు.

"ఒకసారి వాడి తలుపు నేను పగలగొట్టాను సార్. ఇంకెవరూ ఆ పని చెయ్యక్కర్లేదు. అక్కని లాగింది నేను. పడేసి పారిపోయింది నేను. ఏం రాసుకుంటారో రాసుకోండి, కిందకెళ్లి మాట్లాడుకుందాం."

ఇన్‌స్పెక్టర్ అతనికేసి, ఆరా మేడమ్‌కేసి మార్చి మార్చి చూశాడు. ఎన్నడూ లేనిది, ఆయనకి ముక్తాయింపు దొరకలేదు. చేత్తో సైగ చేస్తే కానిస్టేబుల్ గునపం భుజానికెత్తుకున్నాడు. తమ్ముడు కమ్మీ ముట్టుకోకుండా, గోడ వారగా, మెల్లిగా దిగి వెళ్లాడు.

మెట్లన్నీ నిశ్శబ్దమయ్యాక గడియ కదిలింది. తలుపు బెత్తెడు తెరుచుకుంది. పాలిపోయిన చెయ్యి ఒకటి బయటికొచ్చి నీళ్ల గ్లాసు అందుకుంది. గటగటా తాగిన చప్పుడైంది. తలుపు మళ్లీ మూసుకోలేదు.

"మీరు ఆసుపత్రి నుంచి వచ్చారా?" అని అడిగాడు.

ఆరా మేడమ్‌కి సంగతి అప్పుడు తట్టింది. ఈ మూడు రోజుల్లో ఇతనికి ఎవరు చెప్పారని? ఇక్కడొక మనిషి ఉన్నాడని ఎవరికి తెలుసని?

"తీసుకెళ్లేటప్పుడు అమ్మ మాట్లాడింది," అన్నాడతను. "'వచ్చేస్తాలే, తలుపేసుకో' అంది. గుంపులో వాళ్లు రోజూ అమ్మ ఎలా ఉందని అడుగుతున్నారు. నాకు తెలిస్తే కదా చెప్పడానికి."

ఆమె మెట్టు మీద కూర్చుండిపోయింది.

"ఎప్పుడు పంపిస్తారో కనుక్కోండి," అన్నాడు ఆ కుర్రవాడు, తలుపు సందులోంచి. "ఆ రోజు నేను కిందిదాకా దిగి వచ్చి తీసుకెళ్తాను."